నొప్పులొస్తే ఎవుర్ని పిలుచ్చారు?

మొన్న మార్చిలో మా ఊళ్ళో ఒక తెలుగు సంఘం వాళ్ళు మహిళా దినోత్సవం చేశారు. ఒక వక్త తెర మీద ఓ విగ్రహం ఫొటో వేశారు. తలకి ఎండ తగలకుండా కట్టుకున్న పెద్ద టోపీ, ఒక చేతిలో పసిబిడ్డ, ఇంకో చేతిలో తుపాకి, గౌను పట్టుకుని వేలాడుతున్న పిల్లాడు. "వీళ్ళమ్మా అమెరికాని కట్టిన తల్లులు. పదేసిమందిని కన్నారు, బీడు దున్నారు. ఏనాడూ నోరెత్తి ఇది కష్టం అనలేదు. ఇవాళ మనవాళ్ళకి ఇంట్లో డిష్‌వాషర్ ఉన్నా కష్టమే!" అన్నారాయన. హాలంతా నవ్వారు. చేతిలో సమోసా ప్లేటుతో నేనూ నవ్వాను. నవ్వినందుకు ఇంటికొచ్చే దారంతా నామీద నాకే చిరాకు.

ఆ విగ్రహం నాకు కొత్తకాదు. మేముండేది కాన్సాస్ సిటీ పక్కన. అక్కణ్ణించి రెండు గంటలు కారులో పోతే కౌన్సిల్ గ్రోవ్ అనే చిన్న ఊరు, అందులో ఉంటుందది. 'మడోనా ఆఫ్ ద ట్రెయిల్' అంటారు. 1928, 29 సంవత్సరాల్లో మేరీలాండ్ నుంచి కాలిఫోర్నియా దాకా, జనం పడమటికి వలసపోయిన పాత బాట వెంట ఒకే అచ్చులో 12 నిలబెట్టారు. ఒకే అచ్చు అనే ముక్క దగ్గరే నాకు పేచీ. లక్షలమంది ఆడవాళ్ళు ఒక్క బొమ్మలో ఇమిడిపోయారు. బొమ్మకి నోరుండదు కాబట్టి, వాళ్ళూ నోరెత్తలేదని మనం తీర్మానించుకున్నాం.

నోరెత్తలేదా?

ఎత్తారు. కాకపోతే కాగితం మీద ఎత్తారు, అదీ సగం మింగి.

అమేలియా స్టూవర్ట్ నైట్ డైరీ చూడండి. 1853 ఏప్రిల్ 9న అయోవా నుంచి బయల్దేరింది. భర్త, ఏడుగురు పిల్లలు, ఎద్దుల బళ్ళు. ఒరెగాన్ దాకా రమారమి రెండు వేల మైళ్ళ దారి. రోజుకో ముక్క రాసుకుంది. వాన, తడిసిన పక్కలు, దుమ్ము, చచ్చిన ఎద్దులు, ఏరు దాటడం, ఒంట్లో బాగోలేకపోవడం. ఆ బాగోలేకపోవడం ఎందుకో ఎక్కడా చెప్పదు. సెప్టెంబరులో, డైరీ ఆఖరి పేజీలో, కొన్ని రోజులకి నాకు ఎనిమిదో కాన్పు అయింది అని ఒక్క వాక్యం. అది చదివాక మొదటికెళ్ళి మళ్ళీ చదవాల్సిందే. ఐదు నెలల ప్రయాణం, ప్రతి గుట్టా ప్రతి రేవూ, కడుపుతోనే దాటింది. కడుపు సంగతి కాగితం మీద పెట్టడం అప్పటి మర్యాద కాదు. మా అమ్మమ్మ కూడా "నెల తప్పింది" అని గొంతు తగ్గించే చెప్పేది లెండి.

అదే డైరీలో ఆగస్టు 8. ఏటి ఒడ్డున ఆగి మళ్ళీ కదిలారు. కొన్ని మైళ్ళు పోయాక ఎడ్లకి విశ్రాంతి ఇద్దామని ఆపితే, వెనకనుంచి వచ్చిన వేరే బళ్ళవాళ్ళు ఓ పిల్లని దింపారు. వీళ్ళ లూసీయే. గట్టు కింద కూర్చుని ఎవరివో బళ్ళు ఏరు దాటుతుంటే చూస్తూ ఉండిపోయిందట. పిల్ల ఇంకో బండిలో ఉందనుకుంది తల్లి. వాళ్ళు తెచ్చి దింపేదాకా ఎవరికీ తెలీదు. ఈ సంగతి రాసి, దీన్నించి అందరికీ ఓ పాఠం అయిందని ముగించి, మర్నాడు మళ్ళీ దారి గురించే రాసింది.

ఈ తల్లిని విగ్రహం చెయ్యమంటే ఎలా చేస్తారు? నాకైతే ఆ తుపాకి పట్టుకున్నావిడ కంటే, పిల్లల్ని లెక్కపెట్టుకోవడం మర్చిపోయేంత అలిసిపోయిన ఈవిడే దగ్గరగా అనిపిస్తుంది. చివరికి వాళ్ళకి దక్కిందేంటంటే, రెండు జతల ఎడ్లిస్తే వచ్చిన నేల, దాంట్లో కిటికీల్లేని దుంగల ఇల్లు.

ఏరుపిడకలకి గాజుపెట్టె

పోయినేడు వేసవిలో అమ్మ వచ్చింది. మాది అనంతపురం జిల్లా. అమెరికాలో అమ్మకి చూపించగలిగేవి మాల్సూ గుళ్ళూ అయిపోయాక, నెబ్రాస్కా వైపు తీసుకెళ్ళాను. ఒక పల్లెటూరి మ్యూజియంలో గాజుపెట్టె ముందు ఆగిపోయింది. లోపల ఎండిన పేడ. పక్కన అట్టముక్క మీద 'బఫెలో చిప్స్' అని.

"ఇవి ఏరుపిడకలు గదమ్మా! వీటికి గూడా గ్లాసు పెట్టెనా?"

ఏరుపిడకలే. చెట్టన్నదే లేని గడ్డి మైదానంలో వంటచెరుకు ఎక్కడ? ముందు అడవిదున్నల పేడ, అవి దాదాపు అంతరించాక పశువుల పేడ ఎండిందేరుకుని పొయ్యిలో పెట్టేవారు. ఆ కాలపు కథ ఒకటి చాలా చోట్ల చెప్పుకుంటారు. తూర్పు నుంచి కొత్తగా వచ్చిన ఇల్లాలు మొదట పేడని పుల్లతో తీసేదట, తర్వాత గుడ్డతో, తర్వాత ఏప్రాన్ కొసతో, ఆ తర్వాత ఉత్త చేత్తో. రొట్టె పిసుకుతూ మధ్యలో పొయ్యి ఎగదోసి చెయ్యి కడుక్కోవడం కూడా ఎప్పుడో మానేసేది. అమ్మకి ఈ కథ చెబితే నవ్వలేదు. "పిడకతో పోయేదేముంది, బూడిదే శానా వస్తాది. దాన్నెత్తి పోసేకే సగం పొద్దు" అంది. బఫెలో చిప్స్‌తో వండినవాళ్ళ బాధా అదే, పొయ్యిలోకి ఎంత మోసేవారో బయటికి అంత బూడిద మొయ్యాలి.

పక్కనే గడ్డిపెళ్ళల ఇంటి నమూనా. నాగలితో గడ్డి వేళ్ళతో సహా పెళ్ళలు కోసి, గడ్డి వైపు కిందికి పెట్టి ఇటుకల్లా పేర్చేవాళ్ళు. ఎండాకాలం చల్లన, చలికాలం వెచ్చన. వానొస్తే మాత్రం బయట వెలిసినా లోపల రెండు మూడు రోజులు కారుతూనే ఉంటుంది. పైనుంచి మన్ను, అప్పుడప్పుడూ పామూ పడకుండా కప్పు కింద గుడ్డ కట్టేవారు. అమ్మ పైకి చూసి "చౌడు పోయలేదా పైన?" అనడిగింది. మా మట్టిమిద్దెల మీద చౌడు పోసేది అందుకే గదా, కురవకుండా. పోయలేదమ్మా, వాళ్ళకి తెలీదు, లేదా అక్కడ దొరకదు అన్నాను. అమ్మ వాళ్ళ అమాయకత్వానికి జాలిపడింది. అమెరికా వచ్చాక అమ్మ ఈ దేశాన్ని చూసి జాలిపడటం అదే మొదటిసారి.

ఆ తర్వాత గోడ మీద పెద్ద ఫొటో. కనుచూపు మేర గడ్డి, మధ్యలో ఒక ఇల్లు, ఇంటి ముందు ఒకావిడ. అమ్మ చాలాసేపు చూసింది.

"చుట్టూ ఒక్క ఇల్లు గూడా ల్యాదే. నొప్పులొస్తే ఎవుర్ని పిలుచ్చారు?"

నేను పన్నెండేళ్ళుగా ఈ ప్రాంతపు పుస్తకాలు చదువుతున్నాను. ఈ ప్రశ్న నాకు రాలేదు. వాళ్ళ ఒంటరితనం గురించి బోలెడు చదివాను గానీ, అది ఎండా వానా లాగా ఆ నేలతో పాటు వచ్చిందేననుకున్నాను.

అరమైలు

అలా రాలేదు. చాలావరకు అది కాగితం మీద గీసిన గీతల్లోంచి వచ్చింది.

1785 నుంచీ అమెరికా ప్రభుత్వం కొత్త భూముల్ని మైలు పొడవు, మైలు వెడల్పు చదరాలుగా కొలిపించింది. ఒక చదరం 640 ఎకరాలు. 1862లో లింకన్ సంతకం పెట్టిన హోమ్‌స్టెడ్ చట్టం అందులో నాలుగో వంతు, అంటే 160 ఎకరాలు, అడిగినవాళ్ళకి నామమాత్రపు రుసుముకి ఇస్తానంది. షరతు ఏంటంటే, ఐదేళ్ళు ఆ నేల మీదే కాపురం ఉండాలి. ఊళ్ళో ఇల్లు కట్టుకుని పొద్దున్నే పొలానికి వెళ్ళొస్తానంటే కుదరదు. అరమైలు భుజం ఉన్న చదరంలో ఒక సంసారం, ఆ పక్క చదరంలో ఇంకోటి. అదీ పక్క చదరం ఎవరైనా తీసుకుంటే. రైలు కంపెనీలకి దారి వెంట చదరం విడిచి చదరం ఇచ్చేశారు గనక చాలాచోట్ల పక్కన ఎవరూ ఉండరు కూడా.

మన పల్లెలో ఇళ్ళన్నీ ఒకచోట, పొలాలు చుట్టూ. పొలం ఎంత దూరమైనా సాయంత్రానికి వీధిలోకి వస్తాం. యూరప్ రైతులూ అలాగే బతికారు. 1893లో ఇ.వి. స్మాలీ అనే పత్రికాయన సరిగ్గా ఇదే ఎత్తిచూపాడు. ప్రెయిరీ, అంటే ఈ గడ్డి మైదానాల రాష్ట్రాల్లో రైతులకీ వాళ్ళ భార్యలకీ మతి చలించడం భయపడేంత ఎక్కువగా ఉందని, దీనికి మందు ఇళ్ళు ఊరుగా కట్టుకోవడమేనని రాశాడు. మతి చలించడం గురించి ఆయన కాస్త ఎక్కువ చెప్పి ఉండొచ్చు. కానీ చూపించిన మూలం సరైనదేనని నా నమ్మకం.

దీనికి ఎదురు మాటలు ఉన్నాయి, దాటెయ్యను. నాలుగు చదరాలు కలిసే మూల మీద నలుగురూ ఇళ్ళు కట్టుకుంటే ఇరుగుపొరుగు అయిపోరా? అవుతారు, చట్టం వద్దనలేదు. కొందరు కట్టుకున్నారు కూడా. కానీ ఇల్లు ఎక్కడ పెట్టాలన్నది నీళ్ళు చెప్తాయి, ఎత్తుపల్లాలు చెప్తాయి, నలుగురూ ఒకేసారి రారు. మరి వేరే దారి అసలు లేదా అంటే ఉంది. యూటాలో మోర్మన్లు అనే మతంవాళ్ళు ఇళ్ళన్నీ ఊళ్ళో కట్టుకుని పొలాలు బయట పెట్టుకున్నారు. 1874లో రష్యా నుంచి కాన్సాస్ వచ్చిన మెన్నొనైట్లు అనే క్రైస్తవ శాఖవాళ్ళు గ్నాడెనౌ అని అచ్చం తమ పాత ఊరిలాగే వీధి వేసుకున్నారు. కొన్నేళ్ళకే అదీ విడిపోయి, ఎవరి చదరంలోకి వాళ్ళు పోయారు.

ఇంకో ఎదురు మాట నన్ను ఎక్కువ ఇబ్బంది పెట్టింది. రేచల్ కేలోఫ్ అని ఒక యూదు అమ్మాయి, 1894లో రష్యా సామ్రాజ్యం నుంచి చూడని పెళ్ళికొడుకు కోసం ఉత్తర డకోటా వచ్చింది. 12 అడుగులకి 14 అడుగుల గుడిసె, మట్టి నేల. చలికాలంలో వంటచెరుకు కలిసొస్తుందని అత్తామామలు, మరిది, కోళ్ళు, దూడ అందరూ అందులోనే. అన్ని కష్టాల్లోకీ చాటు లేకపోవడమే తనకి భరించరానిదైందని ముసలితనంలో రాసుకుంది. అంటే ఆమెకి ఒంటరితనం కాదు, మనుషులే ఎక్కువైపోయారు. ఇది చదివి నా వాదన తేలిపోయిందనే అనుకున్నాను. తర్వాత ఆలోచిస్తే, ఊరు లేకపోవడం అంటే ఇదే కదా అనిపించింది. అత్తగారితో పడకపోతే పక్కింటి గడప మీద కాసేపు కూర్చుని రావడానికి పక్కిల్లు లేదు.

ఖాళీ నేల అన్నవాళ్ళు

ఈ చదరాలు గీసింది ఖాళీ నేల మీద కాదని ఇప్పుడు అందరికీ తెలుసు, కాబట్టి పొడిగించను. కౌన్సిల్ గ్రోవ్‌లో ఆ తల్లి విగ్రహం నిలబడ్డ చోటు 'కా' అనే మూలవాసుల తెగవాళ్ళది. కాన్సాస్ అన్న పేరే వాళ్ళది. 1873లో వాళ్ళని అక్కణ్ణించి ఓక్లహోమా వైపు పంపేశారు.

ఒక్క మనిషి సంగతి మాత్రం చెప్పాలి. సారా విన్నెముక్కా, పాయూట్ తెగ, నెవాడా. 1883లో ఇంగ్లీషులో తన కథ రాసింది. ఆమె పసిపిల్లగా ఉన్నప్పుడు తెల్లవాళ్ళు వస్తున్నారని కేక వినిపించింది. తల్లులు పిల్లల్ని ఎత్తుకుని పరుగెత్తారు. పరుగెత్తలేక, సారా వాళ్ళమ్మా ఇంకొకావిడా తమ పిల్లల్ని మెడ దాకా ఇసుకలో పాతిపెట్టి, మొహాల మీద ఎండ పడకుండా కొమ్మలు కప్పి, ఏడవొద్దని చెప్పి వెళ్ళిపోయారు. రాత్రికి వచ్చి తవ్వి తీశారు. తెల్లవాళ్ళు మనుషుల్ని తింటారని అప్పుడు వాళ్ళలో చెప్పుకునేవారు. పుకారు అని కొట్టిపారెయ్యలేం. 1846-47 చలికాలంలో కాలిఫోర్నియాకి వలసపోతున్న డానర్ బళ్ళ గుంపు మంచులో చిక్కుకుని, 87 మందిలో సగానికి దగ్గరగా చనిపోయి, బతికినవాళ్ళలో కొందరు శవాల్ని తిన్నారు. ఆ గుంపులోంచి బతికి బయటపడ్డ 13 ఏళ్ళ వర్జీనియా రీడ్ చుట్టాలమ్మాయికి ఉత్తరం రాస్తూ, అడ్డదారులు పట్టొద్దు, తొందరగా వచ్చెయ్యండి అంది. రావొద్దని మాత్రం అనలేదు.

మా వాళ్ళు భయపడకపోతే ఆ మంచులో చిక్కినవాళ్ళని కాపాడి ఉండేవాళ్ళు అని సారా రాసింది. నాకు ఆ వాక్యం దగ్గర పుస్తకం కాసేపు మూసెయ్యాల్సి వచ్చింది.

పట్టాలో పేరు

ఇంతా చెప్పాక, ఈ చట్టం వల్లే బాగుపడ్డ ఆడవాళ్ళు ఉన్నారని ఒప్పుకోకపోతే అన్యాయం. 21 నిండిన పెళ్ళికాని అమ్మాయి, విధవ, విడాకులైన మనిషి తన పేరున 160 ఎకరాలు అడగొచ్చు. 1862లో ప్రపంచంలో ఇలాంటి మాట ఎన్ని చట్టాల్లో ఉంది? నెబ్రాస్కా కస్టర్ కౌంటీలో సాలమన్ బుచర్ 1886లో తీసిన ఫొటో ఒకటుంది. గడ్డిపెళ్ళల ఇంటి ముందు నలుగురు క్రిస్మన్ అక్కచెల్లెళ్ళు, జీను వేసిన గుర్రాలు. వాళ్ళు తమ పేర్ల మీదే పట్టాలకి దరఖాస్తులు పెట్టుకుని, కాపురం ఉండాలన్న షరతు తీరేలా వంతులవారీగా ఒకరి ఇంట్లో ఒకరు తోడున్నారు. చట్టం విడదీస్తే వీళ్ళు కలుపుకున్నారు. ఆ నలుగురి మొహాలు చూస్తే నాకు హాయిగా ఉంటుంది.

అదే బుచర్ తీసిన ఇంకో ఫొటోలో హిల్టన్ అనే ఇల్లాలు, ఇంటిని ఫొటోలో రానివ్వకుండా, లోపలున్న ఆర్గన్ పెట్టెని పెరట్లోకి మోయించి దాని పక్కన నిలబడింది. తూర్పున ఉన్న చుట్టాలకి ఆర్గన్ కనబడాలి, మట్టిల్లు కనబడకూడదు. ఇప్పుడు మనం ఫేస్‌బుక్‌లో చేసేదీ అదే, నేనైతే చేస్తాను.

వయోమింగ్ సంగతీ ఉంది. 1869 డిసెంబరులోనే అక్కడ ఆడవాళ్ళకి ఓటిచ్చారు. మరుసటేడు సెప్టెంబరు 6న లారమీలో లూయీసా స్వేన్ అనే దాదాపు డెబ్బై ఏళ్ళ పెద్దావిడ, ఈస్టు కొనుక్కోవడానికి చిన్న డబ్బా పట్టుకుని వచ్చి, దారిలో ఓటేసి వెళ్ళింది. ఆడవాళ్ళు తక్కువున్న ప్రాంతానికి నలుగురినీ రప్పించాలన్న ఎత్తుగడ కూడా ఇందులో ఉంది. ఎత్తుగడ అయితేనేం, ఓటు ఓటే.

కానీ చట్టంలో ఆ జాబితా మళ్ళీ చూడండి. పెళ్ళికానమ్మాయికి ఉంది, విధవకి ఉంది. కాపురం చేస్తున్న ఇల్లాలికి లేదు, పట్టా మొగుడి పేరునే. ఎలినోర్ ప్రూయిట్ స్టూవర్ట్ కథలో ఇది బాగా తెలుస్తుంది. డెన్వర్‌లో బట్టలుతికి బతుకుతూ, 1909లో వయోమింగ్‌లో ఒక రైతు ఇంట్లో పనికి కుదిరింది. తన పేరున పట్టాకి పెట్టుకుంది. తన ఇంటిని ఆయన ఇంటికి ఆనించి కట్టించుకుంది, ఇటు పనీ అటు భూమీ రెండూ నిలబడేలా. ఒంటరి ఆడవాళ్ళు బట్టలుతకడం మాని భూమి తీసుకోండని ఆమె రాసిన ఉత్తరాలు పత్రికలో పడి పేరొచ్చింది. ఆ ఉత్తరాల్లో మొదట దాచిన సంగతి, దరఖాస్తు పెట్టిన కొన్నాళ్ళకే ఆ రైతునే పెళ్ళి చేసుకుంది. మొగుడూ పెళ్ళాం రెండు పట్టాలకి రెండు కాపురాలు చూపించలేరు. 1912లో ఆమె తన దరఖాస్తు వదిలేసుకుంది. ఆ భూమికి తర్వాత దరఖాస్తు పెట్టింది ఆమె అత్తగారు, ఆవిడ విధవ కాబట్టి చెల్లింది.

నేను 2009లో హెచ్4 వీసా మీద, అంటే ఇక్కడ ఉద్యోగం చేసే మొగుడి వెంట వచ్చే పెళ్ళానికిచ్చే వీసా మీద వచ్చాను. అప్పట్లో ఉద్యోగం చెయ్యకూడదు, సోషల్ సెక్యూరిటీ నంబరు లేదు, ఏ కాగితం చూసినా ఆయన పేరు కింద నేను. ఎలినోర్ గురించి చదివినప్పుడు ఎక్కడో తగిలింది. పోలిక ఎక్కువ లాగితే నవ్వులపాలవుతుంది, నాకు హీటరుంది, అమ్మకి రోజూ వీడియో కాల్ ఉంది. అయినా, "నువ్వు చాలా ధైర్యవంతురాలివే, ఒక్కదానివీ ఎలా ఉన్నావో" అని అప్పట్లో చుట్టాలు అన్నప్పుడు, ఆ మెచ్చుకోలు నాకు ఎందుకు మింగుడు పడలేదో ఇప్పుడు తెలిసింది. నన్నట్లా కూర్చోబెట్టిన నిబంధన గురించి ఒక్కరూ అడగలేదు. ధైర్యం అనేసరికి అడగాల్సిన అవసరం పోయింది. ఆ సభలో వక్తగారు చేసిందీ అదే.

అమ్మతో ఆ ప్రయాణంలో ఆఖరున చూసింది నెబ్రాస్కాలోనే బియాట్రిస్ దగ్గరున్న హోమ్‌స్టెడ్ పార్కు. మొత్తం 27 కోట్ల ఎకరాలు ఈ చట్టం కింద పంచారు, దానికి గుర్తు ఇది. 1867లో కట్టిన ఒక దుంగల ఇల్లు ఉంది, 14 అడుగులకి 16. పది మంది పిల్లలున్న సంసారం అందులో ఉంది. అమ్మ అడుగులేసి కొలిచి, మంచాలు ఎక్కడేసుకుంటారని అడిగింది. నేను చట్టం సంగతి చెప్పాను. పెళ్ళికి ముందు పేరుంటుందని, మొగుడు పోయాక మళ్ళీ వస్తుందని, నడుమ ఉండదని.

"నాకూ అంతే గదా" అంది అమ్మ. "మీ నాయన పోయినాకనే పాసుపుస్తకంలో నా పేరెక్కింది. నలభై ఏండ్లు కలుపు తీసింది ఎవురో?"

కారు దగ్గరికి వచ్చాం. అక్కడి పార్కింగు స్థలం సరిగ్గా ఒక ఎకరా ఉండేలా వేశారు, ఎకరా ఎంతో జనానికి తెలియాలని. అది చెప్తే, అమ్మ ఈ చివరనుంచి ఆ చివరకి చూసింది. తర్వాత దాని అవతల ఉన్న గడ్డి వైపు తిరిగింది.

"ఇట్లాంటివి నూటరవైనా?"

"నూటరవై."

"కేకేస్తే ఎవురికి ఇనపడతాది" అంది. తర్వాత, ఆకలైతాంది, పులిహోర డబ్బా తియ్యమంది.